31 ఏళ్ళ స్టాపర్ బ్యాక్ ఆట ఆపేస్తున్నాడు: మోకాలు, బకాయి జీతం, కోచింగ్ లైసెన్సు... ఏది ముందు చూసుకోవాలి?

బోయిన్‌పల్లి_ఫ్యాన్ (ప్రశ్న)

అన్నలందరికీ నమస్తే. మా బావ ప్రొఫెషనల్ ఫుట్‌బాలర్, స్టాపర్ బ్యాక్ (గోల్ ముందు మధ్యలో నిలబడే డిఫెండరు). వయసు 31. మే 31తో కాంట్రాక్టు అయిపోతుంది. ఇంక సంతకం పెట్టనని తేల్చేశాడు. వివరాలు ఇవీ:

24వ ఏట కుడి మోకాలికి ఏసీఎల్ (మోకాలి లోపలి లిగమెంటు) ఆపరేషన్ అయింది. అప్పుడే లోపలి వైపు మెనిస్కస్ (కీలులో ఎముకల మధ్య ఉండే మెత్త) కొంత తీసేశారు. బరువు 78 కిలోలు. చదువు ఇంటర్. ఎప్పుడూ క్లబ్బు కాంట్రాక్టులే, ఉద్యోగం లేదు. కోచింగ్ లైసెన్సు ఒక్కటీ లేదు. ఇప్పటి క్లబ్బు రెండున్నర నెలల జీతం బాకీ ఉంది.

జూన్ 1 నుంచి మొదలుపెట్టి ఏం చేయాలి, ఏ వరుసలో చేయాలి? పిల్లలకు కోచింగ్ ఇవ్వాలని ఉంది. మోకాలు ఎన్నాళ్ళు నిలుస్తుందో అని భయం కూడా ఉంది. వివరంగా చెప్పగలరు.

ఫిజియో_కార్నర్

తమ్ముడూ, జూన్ 1 అంటే ఆలస్యమే. చాలా పనులు మే లోపలే అయిపోవాలి. మోకాలి సంగతి నేను చెప్తాను, కాగితాల సంగతి తెలిసినవాళ్ళు చెప్తారు.

మొదట, క్లబ్బు డాక్టరూ ఫిజియో అక్కడ ఉండగానే ఫైలు మొత్తం చేతికి తెచ్చుకోమనండి. ఆపరేషన్ డిశ్చార్జి సమ్మరీ, ఎంఆర్‌ఐ సీడీ, గ్రాఫ్ట్ (తెగిన లిగమెంటు బదులు పెట్టిన కణజాలం) ఎక్కణ్ణుంచి తీశారు, మెనిస్కస్ ఎంత మేర తీశారు అన్నది రాసిన కాగితం. సిబ్బంది సీజన్‌కొకరు మారిపోతారు, వాళ్ళతోపాటే ఫైళ్ళూ పోతాయి. పదేళ్ళ తర్వాత ఏ సర్జన్ దగ్గరికి వెళ్ళినా మొదట అడిగేది "ఎంత తీశారు?" అనే.

తర్వాత రెండు మోకాళ్ళకీ ఎక్స్‌రే. నిలబెట్టి తీయమని గట్టిగా అడగండి. పడుకోబెట్టి తీస్తే కీలు మీద బరువు ఉండదు, అరిగిపోయిన మోకాలిలో కూడా ఎముకల మధ్య సందు మామూలుగానే కనిపిస్తుంది. నిలబడి, మోకాళ్ళు 45 డిగ్రీల దాకా వంచి తీసిన ఫిల్ములో అసలు సంగతి బయటపడుతుంది. ఆ ఫిల్మే ఇక ముందు కొలబద్ద. రెండు మూడేళ్ళకోసారి మళ్ళీ తీయించి దీంతో పోల్చుకోవాలి.

ఎందుకింతగా చెప్తున్నానంటే, మెనిస్కస్ పని బరువును కీలంతా పరచడం. అందులో కొంత తీసేస్తే అదే బరువు తక్కువ చోట పడుతుంది, అక్కడి మృదులాస్థి ముందుగా అరుగుతుంది. ఏసీఎల్ గానీ మెనిస్కస్ గానీ దెబ్బతిన్నవాళ్ళలో దాదాపు సగం మందికి 10 నుంచి 20 ఏళ్ళలో కీలు అరుగుదల కనిపిస్తుందని పరిశోధనలు చెప్తున్నాయి. మీ బావకు ఇప్పటికే 7 ఏళ్ళు గడిచాయి. భయపెట్టడానికి కాదు, ఆ మిగతా సగంలో ఉండేందుకు చేయగలిగింది చాలా ఉంది.

ఆట ఒక్కసారిగా ఆపేస్తే మొదట కరిగేది తొడ ముందు కండరం. అడుగు పడ్డప్పుడు అదురును మింగేది అదే. అది పలచబడితే అదురంతా నేరుగా కీలుకే. టేపు తీసుకుని మోకాలి చిప్ప పై అంచు నుంచి 10 సెంటీమీటర్ల ఎత్తున రెండు తొడల చుట్టుకొలత కొలిచి రాసుకోమనండి. నెలకోసారి అదే చోట, అదే వేళకు కొలవాలి. కుడి తొడ తగ్గుతూ పోతుంటే వ్యాయామం సరిపోవడం లేదని అర్థం.

వారానికి మూడు రోజులు లెగ్ ప్రెస్, 3 సెట్లు, సెట్టుకు 8 నుంచి 12 సార్లు. మోకాలు 60 డిగ్రీలు దాటి వంగకుండా మొదలుపెట్టాలి. తొడ వెనక కండరానికి కర్ల్స్, పిక్కలకు ఒంటికాలి మీద మడమలు లేపడం. మిగతా రెండు మూడు రోజులు సైకిలు, 30 నుంచి 40 నిమిషాలు. పెడల్ పూర్తిగా కిందికి వచ్చినప్పుడు మోకాలు 25–30 డిగ్రీలు వంగి ఉండేలా సీటు పెట్టుకోవాలి. సీటు తక్కువైతే చిప్ప వెనక నొప్పి వస్తుంది, నింద మాత్రం పాత ఆపరేషన్ మీద పడుతుంది. మోతాదు సరిపోయిందో లేదో మర్నాడు పొద్దున మోకాలే చెప్తుంది. వాపు గానీ బిగువు గానీ 24 గంటల తర్వాత కూడా ఉంటే ముందురోజు ఎక్కువ చేసినట్టే, మూడో వంతు తగ్గించాలి.

సాయంత్రాలు దోస్తులతో సిమెంటు మీద, పలచబడ్డ టర్ఫ్ (కృత్రిమ గడ్డి) మీద ఫైవ్స్ (ఐదుగురేసి ఆడే ఫుట్‌బాల్) ఆడటం వద్దు. రిటైరైనవాళ్ళ మోకాళ్ళు చెడేది ఎక్కువగా అక్కడే. వార్మప్ ఉండదు, కండరం తగ్గి ఉంటుంది, బుర్ర మాత్రం పాత వేగంతోనే తిరగమంటుంది.

తిండి. ఆడే రోజుల్లో 3,000 నుంచి 3,500 కేలరీలు ఖర్చయ్యే మనిషికి ఇప్పుడు 2,300 దగ్గర సరిపోతుంది. ఆకలి మాత్రం నెలల తరబడి పాత లెక్కలోనే ఉంటుంది. రోజుకు 500 ఎక్కువ తిన్నా వారానికి దాదాపు అర కిలో చేరుతుంది. ఒంటి మీద చేరిన ప్రతి కిలోకీ నడకలో మోకాలి మీద దాదాపు 4 కిలోల భారం పెరుగుతుంది. కాబట్టి అన్నం తగ్గించాలి, మాంసకృత్తులు తగ్గించకూడదు. 78 కిలోలకు రోజుకు 95 నుంచి 125 గ్రాములు ఉండాలి. గుడ్డుకు 6 గ్రాములు వస్తాయి, మిగతాది చికెన్, చేప, పప్పు, పెరుగు. స్పోర్ట్స్ డ్రింకులు ఆ రోజే మానేయాలి. అర లీటరు సీసాలో 30 గ్రాముల దాకా చక్కెర ఉంటుంది.

నొప్పి మాత్రలు ఇంట్లో ఉంటే లెక్క పెట్టమనండి. మ్యాచ్‌కు ముందు డైక్లోఫెనాక్ అలవాటైనవాళ్ళు చాలామంది ఆట ఆపాక కూడా కొనసాగిస్తారు. కడుపులో పుండ్లకూ కిడ్నీలు చెడటానికీ అది దారి. ఒకసారి క్రియాటినిన్ (కిడ్నీల రక్త పరీక్ష), బీపీ, మూడు నెలల షుగర్, కొలెస్ట్రాల్, ఈసీజీ చేయించండి.

స్టాపర్ అన్నారు, అంటే బంతిని తలతో కొట్టడం (హెడ్డింగ్) ఎక్కువ, కాబట్టి తల గురించి కూడా చెప్పాలి. గ్లాస్గోలో 7,676 మంది స్కాట్లాండ్ మాజీ ప్రొఫెషనల్స్ రికార్డులు తీసి, అదే వయసు మామూలు జనంతో పోల్చారు. 2019లో ఫలితాలొచ్చాయి. మతిమరుపు, పార్కిన్సన్స్ లాంటి మెదడు క్షీణించే జబ్బులతో చనిపోయినవాళ్ళు ఆటగాళ్ళలో మూడున్నర రెట్లు ఎక్కువ. గుండెజబ్బుతో పోయినవాళ్ళు మాత్రం తక్కువ. 2021లో స్థానాల వారీగా చూస్తే డిఫెండర్లకే ప్రమాదం ఎక్కువ, గోల్‌కీపర్లకు మామూలు జనంతో సమానం. జరిగిపోయిన హెడ్డింగుల్ని వెనక్కి తీసుకోలేం. ఇక ముందు పిల్లలకు చూపించడానికని రోజుకు యాభైసార్లు తలతో కొట్టకుండా ఉండొచ్చు. బంతి చేత్తో విసరాలి, తక్కువ ఎత్తు నుంచి, తక్కువసార్లు. ఇంగ్లండ్‌లో ప్రొఫెషనల్ ఆటగాళ్ళకే శిక్షణలో వారానికి 10 బలమైన హెడ్డర్లు మించొద్దని 2021లో మార్గదర్శకం పెట్టారు.

ఇంకొక్క మాట, ఇంట్లోవాళ్ళ కోసం. నిద్ర పట్టకపోవడం, చిరాకు, మందు పెరగడం మొదటి ఆరు నెలల్లో కనిపిస్తే "కొన్నాళ్ళకు సర్దుకుంటాడులే" అని వదిలేయకండి. అంతర్జాతీయ ఆటగాళ్ళ సంఘం ఫిఫ్‌ప్రో అధ్యయనంలో మాజీ ఆటగాళ్ళలో మూడో వంతుకు పైగా ఆందోళన, కుంగుబాటు లక్షణాలు కనిపించాయి. 14416కు ఫోన్ చేస్తే టెలీ మానస్ వాళ్ళు తెలుగులోనే మాట్లాడతారు, ఉచితం.

రూల్‌బుక్_రావు

బాకీ సంగతి. మీ బావగారు చేయకూడని పని ఒకటే: డబ్బు ఖాతాలో పడకముందే "ఫుల్ అండ్ ఫైనల్" కాగితం మీద సంతకం. రిలీజ్ లెటర్ కావాలంటే ఇది పెట్టు అంటారు. అందులో చివరి పేరాలో "క్లబ్బు నుంచి నాకు రావలసింది ఏమీ లేదు" అని ఒక్క వాక్యం ఉంటుంది. ఆ వాక్యంతో కేసు అయిపోయినట్టే. కాంట్రాక్టు గడువు తీరితే ఆటగాడు ఎలాగూ స్వేచ్ఛగా ఉంటాడు, రిలీజ్ లెటర్ కోసం జీతం వదులుకోవాల్సిన పని లేదు.

ఫిఫా నియమాల ప్రకారం కనీసం రెండు నెలల జీతం గడువుకు ఇవ్వకపోతే, రాతపూర్వకంగా నోటీసిచ్చి 15 రోజులు గడువిచ్చాక, ఆటగాడు న్యాయంగా కాంట్రాక్టు రద్దు చేసుకోవచ్చు. మీ బావగారిది ఎలాగూ ముగుస్తోంది కాబట్టి రద్దు అక్కర్లేదు, కానీ ఆ నోటీసు మాత్రం ఇప్పుడే వెళ్ళాలి. వాట్సాప్ మెసేజీ కాదు, ఈమెయిలు. ఏ నెల, ఎంత, కాంట్రాక్టులో ఏ క్లాజు, ఏ తేదీకి ఇవ్వాలి... నాలుగూ ఉండాలి. కాంట్రాక్టు కాపీ, బ్యాంకు స్టేట్‌మెంటు జతచేయాలి. బ్యాంకు పేరు మీద వచ్చిన ఎస్సెమ్మెస్‌లు ఆధారం కావు, స్టేట్‌మెంటే ఆధారం. మనదేశపు ఆటగాడు, మనదేశపు క్లబ్బు అయితే ఫిర్యాదు వెళ్ళేది ఏఐఎఫ్‌ఎఫ్ (అఖిల భారత ఫుట్‌బాల్ సమాఖ్య) ప్లేయర్స్ స్టేటస్ కమిటీకి. విదేశీ ఆటగాడి తగాదా అయితే ఫిఫాకి. ఫిఫా దగ్గర 2 ఏళ్ళు దాటిన తగాదాలు తీసుకోరు. ఇక్కడ కూడా అంతదాకా ఆగడం మంచిది కాదు, ఈలోగా క్లబ్బే మూతపడొచ్చు. ఆటగాళ్ళ సంఘం ఎఫ్‌పీఏఐ ఉంది, నోటీసు రాయడానికి వాళ్ళ సాయం అడగండి.

ఆట పూర్తిగా వదలకుండా జిల్లా లీగులో అమెచ్యూర్‌గా ఆడదామనుకుంటే, ప్రొఫెషనల్‌గా చివరి మ్యాచ్ ఆడిన రోజు నుంచి కనీసం 30 రోజులు ఆగాలి. ఈలోగా దొంగచాటుగా ఒక టోర్నమెంటు ఆడితే ఆ జట్టుకే శిక్ష.

డబ్బు గురించి మూడే మాటలు. క్లబ్బు ప్రొఫెషనల్ ఫీజుగా చూపించి 10 శాతం టీడీఎస్ కోసి ఉంటే, అసలు పన్ను అంతకంటే తక్కువైతే రిటర్ను వేసి వెనక్కి తీసుకోవచ్చు. చాలామంది వేయరు, డబ్బు అలాగే పోతుంది. అలా ఫీజుగా ఇచ్చినచోట పీఎఫ్ కూడా ఉండదు. పీపీఎఫ్ ఖాతా లేకపోతే తెరవండి, ఏడాదికి 500 నుంచి 1.5 లక్షల దాకా, 15 ఏళ్ళు. మూడోది ఆరోగ్య బీమా. క్లబ్బు గ్రూపు పాలసీ కాంట్రాక్టుతోపాటే పోతుంది. సొంత పాలసీ తీసుకుంటే పాత జబ్బులకు గరిష్ఠంగా 36 నెలలు ఆగాలి, అందుకే మోకాలు మొరాయించకముందే తీసుకోవాలి. ప్రపోజల్ ఫారంలో ఏసీఎల్ ఆపరేషన్ తప్పకుండా రాయాలి. దాచిపెడితే రేపు మోకాలి క్లెయిమే కాదు, పాలసీ మొత్తం రద్దు చేస్తారు.

టచ్‌లైన్_నోట్స్

లైసెన్సుల వరుస: ఏఐఎఫ్‌ఎఫ్ డి, ఆ తర్వాత ఏఎఫ్‌సీ (ఆసియా ఫుట్‌బాల్ సమాఖ్య) సి, బి, ఏ, చివర ప్రో. డికి 18 ఏళ్ళు నిండితే చాలు, కొద్ది రోజుల కోర్సు. పైకి వెళ్ళేకొద్దీ నడుమ నడుమ నిజంగా ఒక జట్టుతో పనిచేసినట్టు చూపాలి. యూరప్ లెక్క చూస్తే ఆ మెట్లు ఎంత ఎత్తో తెలుస్తుంది: అక్కడ సికి కనీసం 60 గంటలు, బికి 120, ఏకి 180, ప్రోకి 360. అంటే ఇప్పుడు మొదలుపెట్టినా పెద్ద జట్టు బెంచీ మీద కూర్చోవడానికి ఏళ్ళు పడుతుంది. 31 ఏళ్ళకు అదేమీ ఆలస్యం కాదు.

మాజీ ప్రొఫెషనల్స్ ఈ కోర్సుల్లో తడబడేది ఆట రాక కాదు. తామే చేసి చూపించేస్తారు, చెప్పడం రాదు. పరీక్షలో చూసేది సెషన్ ప్లాను, ఎక్కడ ఆపావు, ఏం చెప్పావు అని. ఒక్క పేజీ ప్లాను రాయడం ఇప్పటినుంచే అలవాటు చేయండి. 80 నిమిషాలనుకోండి: బంతితో వార్మప్ 15, ఆ రోజు అంశం 20, అదే అంశం వచ్చేలా చిన్న ఆట 20, మామూలు మ్యాచ్ 20, చల్లబడటానికి 5. పక్కన గ్రౌండు బొమ్మ, కొలతలు. 12 ఏళ్ళ పిల్లలకు నలుగురికి నలుగురు అయితే 30 మీటర్లు, 20 మీటర్ల గడి. గడి పెద్దదైతే డిఫెండరు దగ్గరికే రాడు, ఎవరికీ ఏమీ నేర్పినట్టు కాదు. మరీ చిన్నదైతే బంతి ప్రతి రెండు సెకన్లకూ బయటికి పోతుంది. పాసులు నాలుగైదుకు మించి కలవకపోతే రెండు వైపులా ఐదేసి అడుగులు పెంచాలి, అక్కడికక్కడే. ఆట ఆపితే 20 సెకన్లలో చెప్పి మళ్ళీ వదలాలి. రెండు నిమిషాలు లెక్చరిస్తే పిల్లలు గడ్డి పీకుతుంటారు.

సామాను పెద్దగా అక్కర్లేదు. 20 మంది పిల్లలకు 30 కోన్లు, రెండు రంగుల్లో పది పది బిబ్‌లు (జట్లు గుర్తుపట్టడానికి చొక్కా మీద వేసుకునేవి), ఇద్దరికొకటి చొప్పున 10 బంతులు (12 ఏళ్ళలోపు వాళ్ళకు 4వ సైజు), పంపు, అదనంగా నాలుగు సూదులు. అప్పు చేసి సొంత టర్ఫ్ వేయడం మొదటి మూడేళ్ళు ఆలోచించొద్దు. స్కూలు గ్రౌండు గంటల లెక్కన అద్దెకు తీసుకుంటే చాలు.

ఇంటర్ చదువుతో ఆగిపోవడం మాత్రం అడ్డే. క్లబ్బులు ఏఎఫ్‌సీ లైసెన్సు చూస్తాయి, సర్కారీ కోచ్ పోస్టులు ఎక్కువగా ఎన్‌ఐఎస్ (జాతీయ క్రీడా సంస్థ) డిప్లొమా అడుగుతాయి, స్కూళ్ళు డీపీఎడ్, బీపీఎడ్ (వ్యాయామ విద్యలో డిప్లొమా, డిగ్రీ) అడుగుతాయి. మూడూ వేరు వేరు తలుపులు, ఒకదాని తాళం ఇంకోదానికి పట్టదు. మన రెండు రాష్ట్రాల్లో ఇంటర్ మీద రెండేళ్ళ డీపీఎడ్‌కు పీఈసెట్ అనే ప్రవేశ పరీక్ష రాయొచ్చు. అక్కడ ఆట నైపుణ్యం పరీక్షకు ఫుట్‌బాల్ ఎంచుకుంటే మీ బావకు అది పూలబాట. పరుగు, షాట్‌పుట్ వగైరా కూడా ఉంటాయి. జంప్ ఈవెంటులో ఆ కుడికాలి మీద పడకుండా దిగడం ముందే సాధన చేయాలి. దూరవిద్యలో డిగ్రీ కూడా పక్కనే మొదలుపెట్టమనండి.

స్కూలు మాస్టరు అంటే తక్కువ చూపు వద్దు. 1951, 1962 ఆసియా క్రీడల్లో భారత్‌కు బంగారు పతకాలు తెచ్చిన కోచ్ సయ్యద్ అబ్దుల్ రహీం సాబ్ మొదట కాచిగూడ మిడిల్ స్కూల్లో పంతులు. వ్యాయామ విద్యలో డిప్లొమా చేశాకే హైదరాబాద్ స్కూళ్ళలో ఆటల బాధ్యత ఆయన చేతికొచ్చింది. ఆడి, తర్వాత నేర్పి నిలబడ్డవాళ్ళు కావాలంటే మన షబ్బీర్ అలీ గారిని చూడండి. కోల్‌కతా మైదానాల్లో గోల్స్ కొట్టిన ఫార్వర్డు. కోచ్‌గా సల్గావ్‌కర్‌కు 1998–99 జాతీయ లీగు గెలిపించారు, 2011లో ధ్యాన్‌చంద్ అవార్డు అందుకున్నారు.

లాల్‌బజార్_లెఫ్ట్‌వింగ్

ఉద్యోగం గురించి ఎవరూ రాయలేదు కాబట్టి నేను రాస్తాను. తులసీదాస్ బలరాం గారి పేరు చెప్పకుండా అది పూర్తి కాదు.

సికింద్రాబాద్ అమ్ముగూడ బిడ్డ, 1936లో పుట్టారు. హైదరాబాద్ సిటీ పోలీసు జట్టులో ఆడి, 1957లో కోల్‌కతా ఈస్ట్ బెంగాల్‌కు వెళ్ళారు. 20 ఏళ్ళ వయసులో మెల్‌బోర్న్ ఒలింపిక్స్ ఆడారు, ఆ జట్టు నాలుగో స్థానంలో నిలిచింది. 1960 రోమ్‌లో హంగరీ మీద ఒక గోల్, పెరూ మీద ఒక గోల్. 1962 జకార్తాలో బంగారు పతకం, అదే ఏడాది అర్జున. చునీ గోస్వామి, పీకే బెనర్జీ, బలరాం... ఆ ముగ్గురి పేర్లూ ఒకే ఊపిరిలో చెప్పుకునేవాళ్ళు. 1963లో బీఎన్‌ఆర్ (బెంగాల్ నాగ్‌పూర్ రైల్వే) జట్టుకు మారారు. ఊపిరితిత్తుల జబ్బు వల్ల అదే ఏడాది, 27 ఏళ్ళకే, ఆట ఆగిపోయింది. మంచి ఫామ్‌లో ఉన్న ఆటగాడికి అంతకంటే అన్యాయమైన ముగింపు ఉండదు. తర్వాతి జీవితం హుగ్లీ ఒడ్డున ఉత్తర్‌పాడాలో గడిపి, 2023 ఫిబ్రవరి 16న కన్నుమూశారు.

ఇక్కడ గమనించాల్సింది ఆ జట్ల పేర్లు. సిటీ పోలీసు, బెంగాల్ నాగ్‌పూర్ రైల్వే... రెండూ ఉద్యోగం ఇచ్చే సంస్థలు. ఆ కాలంలో ఎన్నో జట్లలో ఆటతోపాటు కొలువూ వచ్చేది, ఆట ఆగినా జీతం ఆగేది కాదు. ఇప్పుడు క్లబ్బు జీతం అప్పటికంటే ఎన్నో రెట్లు, కానీ కాంట్రాక్టు చివరి తేదీతో సరి. రైల్వే స్పోర్ట్స్ కోటా నోటిఫికేషన్లు చూడండి, వయసు 18 నుంచి 25, సడలింపు లేదు. అంటే సరిగ్గా ఆటగాడు క్లబ్బుల్లో వెలుగుతున్న వయసులోనే ఆ తలుపు మూసుకుపోతుంది. మీ బావగారికి ఆ దారి లేదు. ఇది చదివే 22 ఏళ్ళ పిల్లలెవరైనా ఉంటే ఆ నోటిఫికేషన్ ఇవాళే చూసుకోండి.

కేంద్రం క్రీడాకారుల పెన్షన్ ఉంది కదా అంటారు కొందరు. అది ఒలింపిక్స్, ఆసియా క్రీడల లాంటి పోటీల్లో పతకం వచ్చినవాళ్ళకు. ఆసియా క్రీడల్లో మన ఫుట్‌బాల్ జట్టుకు చివరి పతకం 1970 బ్యాంకాక్ కాంస్యం. ఆ తర్వాత పుట్టిన ఏ ఫుట్‌బాలర్ కూడా ఆ దారిన అర్హుడు కాలేదు. దాన్ని లెక్కలో పెట్టుకోవద్దు. 2024 ఆగస్టు 29న మొదలైన రీసెట్ అనే పథకం ఉంది, 20 నుంచి 50 ఏళ్ళ రిటైరైన క్రీడాకారులకు, చదువును బట్టి రెండు స్థాయిల్లో శిక్షణ, గ్వాలియర్ వ్యాయామ విద్యా సంస్థ నడుపుతోంది. దానికి దరఖాస్తు చేయొచ్చు. ఆడిన టోర్నమెంట్ల సర్టిఫికెట్లు ఇప్పుడే ఒకచోట చేర్చి, స్కాన్ చేసి పెట్టమనండి. సంతోష్ ట్రోఫీ (రాష్ట్రాల జట్ల జాతీయ పోటీ) ఆడి ఉంటే రాష్ట్ర సంఘం నుంచి తేదీతో సహా లెటర్ తీసుకోండి.

బోయిన్‌పల్లి_ఫ్యాన్

అన్నలకు చాలా థాంక్స్. నోటీసు ఈమెయిలు ఇవాళ రాత్రే పంపిస్తాం. ఒక సందేహం: డి లైసెన్సు కోర్సులో రోజంతా గ్రౌండులోనే ఉండాలంటారు. సీజన్ అయిపోగానే వెంటనే చేరొచ్చా, మోకాలికి విశ్రాంతి ఇచ్చాక చేరాలా?

ఫిజియో_కార్నర్

వెంటనే చేరొచ్చు. సీజన్ చివర కండరం మంచి స్థితిలో ఉంటుంది, మూడు నెలలు ఖాళీగా కూర్చుని చేరితేనే ఇబ్బంది. కోర్సులో అభ్యర్థులే ఒకరి సెషన్‌లో ఒకరు ఆటగాళ్ళుగా ఆడతారు, దెబ్బలు తగిలేది అక్కడే. తన వంతు లేనప్పుడు గోల్‌కీపర్‌గానో న్యూట్రల్ ఆటగాడిగానో (బంతి ఉన్న జట్టు వైపే ఆడే అదనపు ఆటగాడు) నిలబడతానని ఇన్‌స్ట్రక్టర్‌కు మొదటి రోజే చెప్పాలి. మధ్యాహ్నం అయ్యాక కాలు ఎత్తులో పెట్టి 15 నిమిషాలు గుడ్డలో చుట్టిన ఐసు. స్టడ్స్ (అడుగున బుడిపెలున్న బూట్లు) ఎండిన నేల మీద వద్దు, టర్ఫ్ షూ చాలు.

టచ్‌లైన్_నోట్స్

ఇంకోటి, సీట్లు తక్కువ, రాష్ట్ర సంఘం ప్రకటించిన ఒకటి రెండు రోజుల్లోనే నిండిపోతాయి. ఆధార్, వయసు ధ్రువపత్రం, ఫొటో, మెడికల్ ఫిట్‌నెస్ సర్టిఫికెట్ స్కాన్లు ఫోన్లో సిద్ధంగా ఉంచమనండి. ఫిట్‌నెస్ సర్టిఫికెట్ క్లబ్బు డాక్టరు దగ్గరే, మే లోపల.